నార్కోస్ రెండో సీజన్ తొలి ఎపిసోడ్: సైనికుల మధ్య నుంచి నడిచిపోయిన పాబ్లో (చర్చ)

#1 మూడోరీలు

కొలంబియా మాదకద్రవ్యాల ముఠా నాయకుడు పాబ్లో ఎస్కోబార్ వేట మీద తీసిన నెట్‌ఫ్లిక్స్ సీరియల్ నార్కోస్. దాని రెండో సీజన్ మొదటి ఎపిసోడ్ 'ఫ్రీ ఎట్ లాస్ట్' గురించి ఈ చర్చ. 2016 సెప్టెంబరు 2న పది ఎపిసోడ్లూ ఒకేసారి వదిలారు. మన దేశంలోకి నెట్‌ఫ్లిక్స్ వచ్చింది ఆ ఏడాది జనవరి 6న. అంటే 2015 ఆగస్టు నాటి మొదటి సీజన్ మనకి ఆలస్యంగా అందింది. దీన్ని మాత్రం ప్రపంచమంతా చూసిన రోజే మనమూ చూడగలిగాం.

ముందు గమనించాల్సింది కాలం లెక్క. మొదటి సీజన్ 1973లో చిలీ సైనిక తిరుగుబాటు దగ్గర మొదలై 1992 జూలైలో ఆగుతుంది. దాదాపు 19 ఏళ్ల కథని పది ఎపిసోడ్లలో పరుగులు పెట్టించారు. రెండో సీజన్ మొత్తం 1992 జూలై 22 నుంచి 1993 డిసెంబరు 2 దాకా, అంటే 498 రోజులు. దానికీ పది ఎపిసోడ్లే. అందుకే ఇందులో మనిషి మెట్లు దిగడం, కారెక్కడం, గదిలో కూర్చుని ఎదురుచూడడం కూడా కథ అయింది. మొదటి సీజన్‌లో వాటికి చోటే లేదు. ఆ మార్పు ఈ ఎపిసోడ్ మొదటి పది నిమిషాల్లోనే తెలుస్తుంది. పాత సీజన్ ఆగిన రాత్రే, అదే కొండ మీద కథ మళ్లీ అందుకుంటుంది.

ఇక అసలు ప్రశ్న. జైలు చుట్టూ సైన్యం ఉంది. పాబ్లో తన మనుషులతో చెట్ల మధ్య నుంచి వస్తాడు, సైనికులు ఎదురవుతారు, తుపాకులు ఎత్తుతారు. చివరికి ఎవరూ కాల్చరు, పక్కకి తప్పుకుంటారు. నాకైతే సీజన్ మొత్తంలో ఇదే గొప్ప సన్నివేశం. చరిత్ర తెలిసినవాళ్లు దీన్ని ఎలా చూస్తారు?

పాబ్లో చివరికి ఏమయ్యాడన్నది చరిత్ర కాబట్టి ఆ విషయాలు దాచాల్సిన పని లేదు.

#2 చరిత్రపుట

సన్నివేశం బాగుంది, కానీ జరిగింది అది కాదు. వరసగా చెప్తాను.

పాబ్లో లొంగిపోయింది 1991 జూన్ 19న. నేరస్థుల్ని అమెరికాకి అప్పగించకూడదని కొలంబియా రాజ్యాంగ సభ తీర్మానించింది కూడా అదే రోజు. ఆ హామీ కోసమే అతను అన్నేళ్లు బాంబులు పేల్చాడు. హామీ దొరికిన రోజే హెలికాప్టర్ ఎక్కి జైలుకి వెళ్లాడు. ఆ జైలే లా కతెద్రాల్. చోటు ఎంచుకున్నది అతనే. ఎన్విగాడో ఊరికి ఎగువన, మెడెలిన్ లోయ మొత్తం కనిపించే కొండవాలు. పొగమంచు ఎక్కువ, విమానాల్లోంచి చూడడం కష్టం. లోపలి కాపలాదారుల్లో ఎన్విగాడో పురపాలక సంఘం పెట్టినవాళ్లు ఉన్నారు. బయట సైన్యం. పోలీసులు ఆ దాపులకే రాకూడదని ఒప్పందం. ఫుట్‌బాల్ మైదానం, కూతురి కోసం బొమ్మరిల్లు, కింద ఊళ్లో కుటుంబాన్ని చూసుకోవడానికి టెలిస్కోపు, ఇవన్నీ నిజాలే.

1992 జూలైలో తన భాగస్వాములైన గలియానో, మొంకాదాలని జైలుకే పిలిపించి చంపించాడు. ఇక చూస్తూ ఊరుకోవడం అధ్యక్షుడు గవీరియా ప్రభుత్వానికి కుదరలేదు. మామూలు జైలుకి మార్చడానికి న్యాయశాఖ ఉపమంత్రి ఎదువార్దో మెందోసా, జైళ్ల డైరెక్టరు కల్నల్ నవాస్ లోపలికి వెళ్లారు. పాబ్లో మనుషులు వాళ్లనే బందీలుగా పట్టుకున్నారు. సీరియల్‌లో ఉపమంత్రి పేరు సాందొవాల్ అని మార్చారు. మొదటి సీజన్ చివర్లో చూసింది ఇదే.

తప్పించుకున్నది వెనక వైపు నుంచి. జైలు కడుతున్నప్పుడే వెనక గోడలో ఒక భాగాన్ని కావాలని బలహీనంగా కట్టించుకున్నారని కుటుంబసభ్యులు తర్వాత చెప్పారు. ఆ గోడ పగలగొట్టుకుని, చీకట్లో, మంచులో కొండ దిగి పోయారు. తుపాకులెత్తిన సైనికుల ఎదుట నడిచిన ఘట్టం కల్పన. పెద్ద పోరాటం కూడా జరగలేదని పాబ్లో కొడుకు అంటాడు. ఆ దాడిలో చనిపోయింది ఒక్క జైలు గార్డేనని అతని మాట.

ఇంకో ముఖ్యమైన సంగతి: బొగోతా నుంచి ప్రత్యేక దళం దిగేదాకా కొండ చుట్టూ ఉన్న సైన్యం కదల్లేదు. ఆ గంటల ఆలస్యమే అతన్ని కాపాడింది. సీరియల్ ఆలస్యాన్ని చూపించలేదు, దాని బదులు భయాన్ని చూపించింది.

#3 కొండగాలి

చరిత్రపుట గారూ, మీరు చెప్పిన చివరి వాక్యం దగ్గరే నా వాదన మొదలవుతుంది.

గంటల తరబడి సైన్యం కదలకపోవడాన్ని తెర మీద ఎలా చూపిస్తారు? వైర్‌లెస్‌లో అరుపులు, గడియారం ముల్లు, ఆఫీసులో కాగితాలు... అవి చూసినవాడికి అధికారుల అసమర్థత కనిపిస్తుందే తప్ప పాబ్లో అంటే దేశానికి ఎంత భయమో కనిపించదు. ఆ సైనికులు ఇరవై ఏళ్లు కూడా నిండని కుర్రాళ్లు, నిర్బంధ సైనిక సేవలో వచ్చినవాళ్లు. వాళ్లకి మెడెలిన్ చుట్టుపక్కల ఊళ్లలో తల్లిదండ్రులు ఉన్నారు. అతన్ని కాల్చిన చెయ్యి ఎవరిదో రేపు తెలిసిపోతుంది, ఎల్లుండి ఇంటికి మనిషి వస్తాడు. 'ప్లాతా ఓ ప్లోమో', అంటే డబ్బా తూటానా, అన్న మాట మొదటి సీజన్‌లో నోటితో చెప్పారు. ఇక్కడ నోరు విప్పకుండా చూపించారు.

ఇంకొకటి. వాగ్నర్ మౌరా నడక చూడండి. పాత్ర కోసం 18-20 కిలోలు బరువు పెరిగాడు. ఆ పొట్ట, ప్యాంటు పైకి లాక్కోవడం, మెత్తగా పడే అడుగులు. వీరుడి నడక ఎక్కడా లేదు. ఇల్లు మారుతున్న గుమాస్తా నడిచినట్టు నడుస్తాడు. అందుకే ఎదుటి కుర్రాళ్ల వణుకు మనకి అంత గట్టిగా తాకుతుంది.

#4 పల్లకీ

కొండగాలి గారితో ఏకీభవిస్తాను. ఒక్క అభ్యంతరం. అలా చూపిస్తే 'మహానుభావుడు, సైన్యమే దారి ఇచ్చింది' అనుకునేవాళ్లు ఉంటారు కదా? గోడ పగలగొట్టుకుని మంచులో పారిపోవడం నిజానికి దొంగ చేసే పని. దొంగని దొంగగానే చూపిస్తే నష్టమేంటి?

#5 చరిత్రపుట

పల్లకీ గారి ప్రశ్న న్యాయమైనది. దాని సంగతి తర్వాత. ముందు ఈ ఎపిసోడ్లో మారిన మిగతా విషయాలు ఒకచోట పెడతాను, చూసేటప్పుడు పనికొస్తాయి.

అన్నిటికంటే పెద్దది లా కీకా. సీరియల్‌లో పాబ్లోకి కుడిభుజంగా తిరుగుతుంటాడు. అసలు మనిషి దాందెనీ మున్యోస్ మొస్కేరాని 1991 సెప్టెంబరులోనే న్యూయార్క్‌లో పట్టుకున్నారు. అంటే పాబ్లో జైలు నుంచి పారిపోయేనాటికి అతను పది నెలలుగా అమెరికా జైల్లో ఉన్నాడు. 1994లో కోర్టు దోషిగా తేల్చింది, తర్వాత యావజ్జీవ శిక్షలు వేసింది.

రెండోది అన్న రొబెర్తో. పాబ్లోతో జైల్లో ఉన్నాడు, పాబ్లోతోనే పారిపోయాడు, అక్టోబరులో మళ్లీ లొంగిపోయాడు. సీరియల్ అతన్ని పూర్తిగా తీసేసింది. ఆ తీసివేత వల్ల పాబ్లో ఒంటరితనం మొదటి ఎపిసోడ్ నుంచే పెరిగింది. అది కథకి మేలే చేసింది, కాదనను.

మూడోది అమెరికన్లు. జైలు పారిపోవడం అవమానమని కొత్త రాయబారి క్రాస్బీని, కొత్త సీఐఏ అధికారి స్టెక్నర్‌ని దింపుతారు. నిజానికి అప్పటి రాయబారి మోరిస్ బస్బీ 1991 నుంచే బొగోతాలో ఉన్నాడు, మారలేదు. అమెరికా మాదకద్రవ్యాల నిరోధక సంస్థ డీఈఏ అక్కడి కార్యాలయానికి పెద్ద జో టాఫ్ట్. సీరియల్‌లో ఆ కుర్చీలో మెసీనా అనే మహిళని కూర్చోబెట్టారు.

నాలుగోది కొడుకు. 1977 ఫిబ్రవరిలో పుట్టాడు కాబట్టి అప్పటికి 15 ఏళ్లు దాటాయి. తండ్రి కోసం రేడియోలో మాట్లాడేది, విలేకరులకి జవాబు చెప్పేది అతనే. సీరియల్ అతన్ని చిన్నపిల్లాడిగా ఉంచేసింది. ఆ కొడుకే సెబాస్తియాన్ మర్రోకీన్ అని పేరు మార్చుకుని, ఈ సీజన్ వచ్చిన నెలలోనే 28 తప్పులు ఎంచి ఫేస్‌బుక్‌లో పెట్టాడు. కొడుకు మాట కాబట్టి కొంత జాగ్రత్తగా తీసుకోవాలి, కానీ లా కీకా లాంటివి కోర్టు రికార్డుతో సరిపోతాయి.

#6 అక్షరమాల

చర్చలో పేర్లు ఒక్కొక్కరు ఒక్కోలా రాస్తున్నారు. ఇంగ్లీషు స్పెల్లింగ్ చూసి రాయడం వల్ల వస్తున్న చిక్కు ఇది. స్పానిష్ ఉచ్చారణని తెలుగు లిపి ఇంగ్లీషు కంటే బాగా పట్టుకుంటుంది, కాబట్టి విని రాద్దాం.

స్పానిష్ 'త', 'ద' మన దంత్యాల్లాంటివే. ట, డ కావు. రెండు ఎల్‌లు పక్కపక్కన ఉంటే 'య' లేదా 'జ' వైపు పోతుంది. అందుకే మెడెలిన్ కాదు, మెదెయీన్. ఆ ప్రాంతపు వాళ్ల నోట ఇంకాస్త గట్టిగా 'మెదెజీన్' అని వినిపిస్తుంది. పోలీసు అధికారి పేరు కరిల్లో కాదు, కర్రీయో. అందులో 'ర్ర' నాలుక గట్టిగా అదిరే ధ్వని, మన బండి ఱ ని గుర్తు చేస్తుంది. డీఈఏ ఏజెంటు పేన్యా. ఆ 'న్య'కి మనకి ఞ ఉంది, వాడకం తగ్గింది అంతే. 'హెచ్' పలకదు, కాబట్టి పాబ్లో భార్య పుట్టింటి పేరు ఎనావో. 'జె'కి గొంతులోంచి వచ్చే 'హ': హవియేర్ పేన్యా.

ఇక భార్య ముద్దుపేరు తాతా. అవును, రెండూ దంత్య 'త'లే. చదివితే మనకి ముసలాయన గుర్తొస్తాడు కాబట్టి టాటా అని రాస్తున్నారు. విన్నది రాయాలంటే తాతా అనే రాయాలి. పాబ్లోకి పోటీ ముఠా పేరు కాలీలో దీర్ఘం 'కా' మీద వినిపిస్తుంది.

#7 పల్లకీ

అక్షరమాల గారూ, మరి చూసేటప్పుడు ఏ ఆడియో పెట్టుకోవాలి? మొత్తం ఇంగ్లీషులో వచ్చే ట్రాకులో స్పానిష్ మాటలు కూడా ఇంగ్లీషే అయిపోతున్నాయి. అది మేలా, కింద అక్షరాలు చదువుకోవడం మేలా?

#8 అక్షరమాల

ఒరిజినల్ అని గుర్తున్న ట్రాకే పెట్టుకోండి. కారణం ఒకటే. ఈ సీరియల్‌లో ఎవరు ఏ భాషలో మాట్లాడుతున్నారన్నది కథలో భాగం. పేన్యా రెండు భాషల్లోనూ ఈదుతాడు, అతని తోటి ఏజెంటు మర్ఫీ స్పానిష్‌లో తడబడతాడు. రాయబార కార్యాలయం గదిలో ఇంగ్లీషు, గుమ్మం దాటగానే స్పానిష్. అంతా ఒకే భాష చేస్తే పేన్యాకి ఉన్న బలం ఏమిటో ప్రేక్షకుడికి అందదు.

కింద అక్షరాలు పెట్టుకునేటప్పుడు రెండు రకాలుంటాయి. ఒకటి మాటలు మాత్రమే. ఇంకోటి వినికిడి లోపం ఉన్నవారి కోసం, తలుపు చప్పుడు, సంగీతం కూడా రాసేది. రెండోది పెడితే తెర నిండిపోయి మొహాలు చూడడం తగ్గుతుంది. అవసరం లేకపోతే మొదటిది చాలు.

ఆ అక్షరాల్లో పోయేది కూడా తెలుసుకోవాలి. ఒక్కో వరసకి సుమారు 42 అక్షరాలు, రెండు వరసలు, అంతకు మించితే కంటికి అందదు. కాబట్టి అనువాదకుడు కత్తిరించక తప్పదు. అన్నిటికంటే ముందు తెగిపడేది మర్యాద. మెదెయీన్ ప్రాంతంలో స్నేహితుల మధ్య 'వోస్', పెద్దవాళ్లతో 'ఉస్తేద్'. మన నువ్వు, మీరు లాంటివే. ఇంగ్లీషులో రెండూ ఒకటే మాట అయిపోతాయి. అయితే ఒక తిరకాసు ఉంది. ఆ ప్రాంతంలో భార్యాభర్తలు, అన్నదమ్ములు కూడా 'ఉస్తేద్' అనుకుంటారు. అందులో దూరం లేదు. దాన్ని గుడ్డిగా 'మీరు' చేస్తే పాబ్లో, తాతా కొత్తగా పరిచయమైనవాళ్లలా వినిపిస్తారు. కృష్ణా జిల్లా ఇంట్లో భార్య భర్తని 'మీరు' అంటే ఆ మాటలో ఎంత దగ్గరతనం ఉంటుందో, దీనిలోనూ అంతే అనుకుని చదువుకోవాలి.

'పత్రోన్' ఇంకో కష్టమైన మాట. యజమాని అంటే చప్పగా ఉంటుంది. 'దొర' దగ్గరగా వస్తుంది. తెలంగాణలో ఆ మాటకున్న బరువు, భయం, పెట్టిపోతలు చేసే చెయ్యి, అన్నీ ఇందులో ఉన్నాయి. నేనైతే దొర అనే రాస్తాను.

#9 గోదారిగట్టు

భాష గురించి మాట్లాడుతున్నారు కాబట్టి యాస కూడా చెప్పుకోవాలి. కొలంబియాలో ఈ సీరియల్ మీద వచ్చిన పెద్ద ఫిర్యాదు అదే.

వాగ్నర్ మౌరా బ్రెజిల్ మనిషి, మాతృభాష పోర్చుగీసు. పాత్ర కోసం మెదెయీన్ వెళ్లి విశ్వవిద్యాలయంలో చేరి స్పానిష్ నేర్చుకున్నాడు. నేర్చుకున్నవాడి మాట నేర్చుకున్నట్టే ఉంటుంది. తాతాగా వేసిన పౌలీనా గైతాన్ మెక్సికో, గవీరియా వేషం కట్టిన రావుల్ మెందెస్ మెక్సికో, కాలీ ముఠా పెద్ద హిల్బెర్తో పాత్రధారి దమియాన్ అల్కాసర్ మెక్సికో, పాచోగా అల్బెర్తో అమ్మాన్ అర్జెంటీనా, లిమోన్‌గా లేనార్ గోమెస్ కోస్తారికా. కడప మనిషి కథలో తమ్ముడు శ్రీకాకుళం యాసలో, భార్య హైదరాబాదీ యాసలో, నాయకుడు కన్నడ ఒత్తులతో మాట్లాడితే మనకెలా ఉంటుందో కొలంబియన్లకి అలా ఉంది.

ఈ ఎపిసోడ్లో ఆ తేడా మీరే పట్టుకోవచ్చు. హుదీ మొంకాదాగా వేసిన క్రిస్తీనా ఉమాన్యా, మరీత్సగా వేసిన మార్తీనా గార్సియా ఇద్దరూ కొలంబియా నటులే. వాళ్ల మాటల వేగం, వాక్యం చివర ఎత్తి వదిలే తీరు విని, వెంటనే తాతా సన్నివేశం వినండి. స్పానిష్ రాకపోయినా చెవికి తేడా తెలుస్తుంది.

అయినా మౌరా నటనకి నేను తల వంచుతాను. యాస కుదరని చోట మౌనంతో నెట్టుకొచ్చాడు. ఈ సీజన్‌లో అతనికి మాటలు తగ్గడం కథకీ మంచిదైంది.

#10 తరంగం

ఇది వేటగాళ్ల సీజన్ కాబట్టి వేట ఎలా జరిగిందో రాస్తాను. ఇక్కణ్నుంచి పాబ్లో ఒకచోట ఉండడు. మనుషుల్ని నడపాలంటే మాత్రం రేడియో ఫోన్ ఎత్తక తప్పదు. మొత్తం 498 రోజుల కథ ఆ ఒక్క ఇరుకు చుట్టూ తిరుగుతుంది.

మాట్లాడే రేడియో ఎక్కడుందో కనిపెట్టడానికి లూప్ యాంటెన్నా వాడతారు. తీగని చట్రంలా చుట్టింది అనుకోండి. చట్రం తలం సంకేతం వచ్చే దిక్కుకి సమాంతరంగా ఉంటే ధ్వని గట్టిగా వస్తుంది, అడ్డంగా తిప్పితే దాదాపు సున్నా అవుతుంది. దిక్కు తెలుసుకోవడానికి గట్టిగా వచ్చే చోటు కంటే ఆగిపోయే చోటే పనికొస్తుంది. ఎందుకంటే గట్టిగా వచ్చే దగ్గర నాలుగైదు డిగ్రీలు తిప్పినా చెవికి తేడా తెలియదు, సున్నా దగ్గర కొద్దిగా కదిపినా తెలిసిపోతుంది. చిక్కేమిటంటే ముందు నుంచి వచ్చినా వెనక నుంచి వచ్చినా లూప్‌కి ఒకటే. ఆ సందేహం తీర్చడానికి నిలువు యాంటెన్నా ఒకటి జతచేస్తారు.

ఒక చోటు నుంచి దిక్కు తెలిస్తే పటం మీద ఒక గీత వస్తుంది. రెండో చోటు నుంచి ఇంకో గీత, రెండూ కలిసిన చోట రేడియో. నిజంలో మూడు చోట్లు కావాలి, మూడు గీతలు ఒక బిందువులో కలవవు, చిన్న త్రిభుజం వస్తుంది. ఆ త్రిభుజం ఎంత చిన్నదైతే అంత నమ్మకం. ఇదంతా అవతలివాడు మాట్లాడుతున్నంతసేపే జరగాలి. అందుకే పాబ్లో మాటలు చిన్నగా ముగించేవాడు, కదిలే కారులోంచి మాట్లాడేవాడు.

మెదెయీన్ దీనికి చెడ్డ ఊరు. సముద్రమట్టానికి సుమారు 1,500 మీటర్ల ఎత్తున, రెండు కొండవరసల మధ్య ఇరుకైన లోయ. సంకేతం కొండకి కొట్టుకుని వెనక్కి వస్తుంది. పరికరం ఆ ప్రతిధ్వని వైపు చూపిస్తుంది, మనిషి లేని చోటికి దళం వెళ్తుంది. పైనుంచి వినడానికి అమెరికా సైన్యపు రహస్య దళం సెంట్రా స్పైక్ చిన్న బీచ్‌క్రాఫ్ట్ విమానాలు తిప్పింది. కదిలే విమానం ఒకటే అయినా, ఒకే సంభాషణ సాగుతుండగా వేర్వేరు చోట్ల నుంచి గీతలు గీయగలదు. అది దాని బలం.

#11 మూడోరీలు

తరంగం గారూ, ఇంత పరికరం ఉండి కూడా 16 నెలలు ఎందుకు పట్టింది? లంచాలు, సమాచారం బయటికి పొక్కడం కాకుండా, అచ్చంగా యంత్రం వైపు లోపం ఏమిటి?

#12 తరంగం

కోణం తప్పు. లెక్క వేసి చూడండి. పరికరం 2 డిగ్రీలు అటూ ఇటూ తప్పుతుందనుకుందాం. అవతలి రేడియో 5 కిలోమీటర్ల దూరంలో ఉంటే ఆ 2 డిగ్రీలు ఒక్కో పక్కన 175 మీటర్లు అవుతుంది, రెండు పక్కలా కలిపి 350 మీటర్ల వెడల్పు. గోడకి గోడ ఆనించి కట్టిన వాడలో అంత జాగాలో వందల ఇళ్లు పడతాయి. వాటిలో ఏ తలుపు కొట్టాలి? తప్పు తలుపు కొడితే పక్కింటి అరుపులకే అతను వెళ్లిపోతాడు. అదే దూరాన్ని 500 మీటర్లకి తగ్గిస్తే తప్పు 17 మీటర్లకి దిగుతుంది, అంటే రెండు మూడు ఇళ్లు.

కాబట్టి పరికరాన్ని వీధిలోకి తేవాలి. వ్యానులో పెట్టుకుని తిరిగే చిన్న బృందం ఆ పని చేసింది. నడిపింది, పాబ్లోని వేటాడిన పోలీసు దళం అధిపతి కల్నల్ ఊగో మార్తీనెస్ కొడుకు, అతని పేరూ ఊగోనే. నెలల తరబడి తప్పులు చూపించిందా యంత్రం, సొంత దళంలోనే నమ్మకం పోయింది. 1993 డిసెంబరు 2న కూడా మొదట తప్పు భవనం మీదికే వెళ్లారు. తర్వాత వ్యాను ఆ వీధిలో తిరుగుతుంటే కిటికీలో ఫోన్ పట్టుకున్న మనిషి ఆ కుర్రాడి కంటికి కనిపించాడు. యంత్రం వీధి దాకా తెచ్చింది, మిగతాది కన్ను చేసింది.

#13 లెక్కలమేడ

డబ్బు గురించి ఎవరూ రాయలేదు. ఈ ఎపిసోడ్ నుంచీ పాబ్లోకి డబ్బు ఉండడం కంటే దాన్ని మోయడం కష్టం.

అమెరికా నోటు ఏదైనా బరువు 1 గ్రాము. 10 లక్షల డాలర్లు వంద నోట్లలో ఉంటే 10,000 నోట్లు, 10 కిలోలు, పేర్చితే సుమారు 1.1 మీటర్ల ఎత్తు. చేతిసంచిలో పట్టుకుపోవచ్చు. కానీ వీధి అమ్మకాల డబ్బు ఇరవై నోట్లలోనే ఎక్కువగా వస్తుంది. అదే మొత్తం అప్పుడు 50,000 నోట్లు, 50 కిలోలు, సిమెంటు బస్తా. కోటి డాలర్లు అంటే 500 కిలోలు, లారీ కావాలి. రోజుకో ఇల్లు మారేవాడు లారీతో తిరగలేడు. పాతిపెడితే ఇంకో బాధ. నోటు కాగితంలో 75 శాతం పత్తి, 25 శాతం నార. తేమ నేలలో బూజు పడుతుంది, ప్లాస్టిక్ చుట్టినా లోపల ఉన్న చెమ్మే చాలు. జైల్లోంచి నడిచి బయటపడ్డ క్షణం నుంచి అతని సంపద, అతను చేతికందుకోగల సంపద వేర్వేరు అయిపోయాయి.

#14 దివిటీ

పల్లకీ గారు #4లో అడిగినదానికి జవాబు రాలేదు. నేను చెప్పడానికి ప్రయత్నిస్తాను.

పాబ్లో మీద కొలంబియావాళ్లే తీసిన సీరియల్ ఒకటి ఉంది. 2012లో కరాకోల్ టీవీలో వచ్చింది, ఆంద్రేస్ పర్రా పాబ్లోగా వేశాడు. దాన్ని నిర్మించినవాళ్లు ఎవరో చూడండి. కమీలో కానో, హ్వానా ఉరీబే. కమీలో తండ్రి గియెర్మో కానో 'ఎల్ ఎస్పెక్తాదోర్' పత్రిక సంపాదకుడు, 1986 డిసెంబరు 17న పాబ్లో మనుషులు ఆయన్ని పత్రిక కార్యాలయం బయటే చంపారు. హ్వానా తల్లి మారూహ పచోన్‌ని అపహరించి నెలల తరబడి బంధించారు. ఆమె బంధువే 1989 ఆగస్టు 18న సొవాచా సభలో హత్యకి గురైన అధ్యక్ష అభ్యర్థి లూయిస్ కార్లోస్ గలాన్. అంటే ఆ కథ చెప్పింది బాధితుల ఇళ్లలోంచి వచ్చినవాళ్లు.

నార్కోస్‌లో కథ చెప్పేది అమెరికా ఏజెంటు మర్ఫీ గొంతు. దర్శకుడు పదీలియా బ్రెజిల్ పోలీసు సినిమాల్లో మౌరాతో వాడిన పద్ధతే ఇది, మొదటి రెండు ఎపిసోడ్లతో దానికి అచ్చు వేశాడు. ఆ గొంతు వేగాన్ని ఇచ్చింది. కానీ 1989 నవంబరు 27న అవియాంకా విమానంలో పోయిన 107 మంది, కింద నేల మీద పోయిన ముగ్గురు, వాళ్ల ఇళ్లలో ఆ తర్వాత ఏం జరిగిందో ఆ గొంతుకి తెలియదు. కాబట్టి రెండో సీజన్ మొదట్లో పాబ్లో పిల్లల్ని దగ్గరికి తీసుకునే సన్నివేశం చూస్తున్నప్పుడు మనకి వాళ్లెవరూ గుర్తుకు రారు. నా అభ్యంతరం సైనికులు తప్పుకోవడం మీద కాదు, ఈ మరుపు మీద. ఎపిసోడ్ కొనసాగుతున్న కొద్దీ అతను మంచి తండ్రి అవుతూ పోతాడు, చంపినవాళ్లు గత సీజన్‌లో ఉండిపోతారు.

#15 కొండగాలి

దివిటీ గారూ, మీ మాటలో బలం ఉంది. సైనికుల సన్నివేశం మీద నా అభిప్రాయం మారలేదు, కానీ ఇంటి సన్నివేశాల గురించి మీరన్నది ఒప్పుకుంటున్నాను. ఒక్కటి మాత్రం కలపాలి. ఈ సీజన్ దాన్ని సరిదిద్దడానికి ఒక పని చేసింది: లిమోన్, మరీత్స. టాక్సీ తోలుకునే కుర్రాడు, బిడ్డని పెంచుకుంటున్న అతని స్నేహితురాలు. టాక్సీ డిక్కీలో పాబ్లో, వెనక సీట్లో ప్రయాణికురాలిలా ఆమె. పోలీసులు వెతికేది మగవాళ్ల గుంపుల కోసం, పెద్ద కార్ల కోసం. ఆడమనిషి ఎక్కిన టాక్సీని ఎవరు ఆపుతారు? ఉపాయం తెలివైనదే, కానీ డిక్కీలో ఎవరున్నారో తెలిసిన క్షణం నుంచి ఆమె బతుకు ఆమెది కాదు. పాబ్లో దగ్గరికి వెళ్లిన మామూలు మనిషికి ఏమవుతుందో ఈ సీజన్ ఆమె మీదే చూపించింది.

#16 పల్లకీ

దివిటీ గారూ, ధన్యవాదాలు. కరాకోల్ సీరియల్ కూడా చూస్తాను. కర్రీయో గురించి ఎవరైనా చెప్తారా? అతను నిజం మనిషేనా?

#17 చరిత్రపుట

కర్రీయో కల్పిత పాత్ర, ఆధారం కల్నల్ ఊగో మార్తీనెస్. మార్తీనెస్ మధ్యలో స్పెయిన్‌లో ఉద్యోగానికి వెళ్లడం, పాబ్లో పారిపోయాక వెనక్కి రప్పించడం నిజమే. సీరియల్‌లో కర్రీయోని పాబ్లో చంపుతాడు. అసలు మార్తీనెస్ వేట పూర్తి చేసి, జనరల్‌గా పదవి విరమించి 2020 దాకా బతికాడు. ఈ మార్పు నాకు మింగుడుపడదు. ఇంటి మీద, పిల్లల మీద బెదిరింపులు వచ్చినా, డబ్బు పంపినా లొంగని ఒక కొలంబియన్ అధికారి చివరిదాకా నిలబడ్డాడన్నది ఆ దేశానికి ముఖ్యమైన నిజం. కథకి ఒక చావు కావాలని దాన్ని తీసెయ్యకూడదు.

కొండగాలి గారు లిమోన్ పేరెత్తారు కాబట్టి అదీ చెప్తాను. అసలు లిమోన్ పేరు ఆల్వరో దె హెసూస్ అగుదేలో. సీరియల్లోలాగా కొత్తగా దొరికిన టాక్సీవాడు కాదు, అన్న రొబెర్తో దగ్గర ఏళ్ల తరబడి డ్రైవరు అని కొడుకు అంటాడు. లోస్ ఓలీవోస్‌లోని ఆ రెండంతస్తుల ఇంట్లో డిసెంబరు 2 మధ్యాహ్నం పాబ్లోతో ఉన్న అంగరక్షకుడు అతనొక్కడే. పాబ్లోకి ముందురోజే 44 ఏళ్లు నిండాయి. పోలీసులు తలుపు పగలగొట్టగానే వెనక కిటికీలోంచి పెంకుల కప్పు మీదికి ముందు దూకింది లిమోన్. వెనక పాబ్లో, కాళ్లకి చెప్పులు కూడా లేవు.